ఏడుగురు పెద్దమనుషులు

ఊపిరి బిగబట్టుకుని కూర్చుంటే లేవనుకుంటానా ఫిద్దా? తెర కింద నీ ఆకుపచ్చ చెప్పులు కనిపిస్తూనే ఉన్నాయి. మాట్లాడవు. సరే, మాట్లాడకు. రెండు నెలలుగా మాట్లాడనిదానివి ఇవాళ కొత్తగా మాట్లాడతావనుకుని వచ్చానా ఏమిటి? మీ నాన్న పొమ్మన్నాడు, వచ్చాను. "వెళ్ళు ఫర్రాజ్, నీ పెళ్ళానికి నువ్వే చెప్పుకో, బట్టలు సర్దుకోమను" అన్నాడు. అని, నేనేదో ఘనకార్యం చేసినట్టు వీపుమీద ఒక్క చరుపు చరిచాడు. ఇంకా మండుతోంది.

మీ అమ్మని ఆ సంబరం కేకలు ఆపమను, నీకు పుణ్యముంటుంది. నాలుక అలా తిప్పి తిప్పి కేకేస్తుంటే బయట వాళ్ళు మళ్ళీ ఫోన్లు పట్టుకుని లోపలికి వచ్చేస్తారు. ఇందాకే ఒకావిడ అడిగింది, ఇది ప్రతి గుంపుకీ ఉంటుందా, మాకు మాత్రమేనా అని. ఏం చెప్పమంటావు? మీకు మాత్రమే అన్నాను. ఎంత మురిసిపోయిందో!

నువ్వు తెర సందులోంచి అంతా చూసే ఉంటావు. చూసి ఏమనుకున్నావు? వీడికి ఇన్నాళ్ళకి బుద్ధొచ్చింది, నలుగురు పెద్దమనుషుల్ని వెంటబెట్టుకుని నన్ను తీసుకెళ్ళడానికొచ్చాడు అనుకున్నావా? అనుకునే ఉంటావు. మీ నాన్నే అనుకున్నాడు. ఈ చుట్టుపక్కల పదిమంది తగువులు తీర్చిన అబూ ముత్లఖ్ అంతటివాడే అనుకున్నాక ఇంకెవరినని ఏం లాభం?

అబ్బే, అది కాదే పిల్లా. అది చెబుదామనే కూర్చున్నాను. తొందరగా చెప్పెయ్యాలి. మీ అన్న ఒంటెని కూర్చోబెట్టి ఒక్కొక్కర్నీ ఎక్కిస్తున్నాడు. ఏడుగురూ ఎక్కి దిగి ఫొటోలు తీసుకునేలోపు నేను బయటికెళ్ళాలి. ఇక్కణ్ణించి సరిహద్దు దాటి రాత్రి భోజనానికి సౌదీలోని తబూక్‌లో ఉండాలి మేము.

అసలు నేను ఇవాళ ఇక్కడికి రావాల్సినవాణ్ణే కాదు. విన్నావా? నువ్వు అలిగి పుట్టింటికి వచ్చేసినప్పటినుంచీ నేను గుంపులతో ఈ దారి మానుకున్నాను. "ఎడారి బెదూయిన్ల ఇంట కాఫీ" అని టూరు ప్రోగ్రాంలో ఉంటుంది కదా, దాన్ని కొండకి అవతల సుబైహ్ వాళ్ళ గుడారానికి మార్పించాను. ఆఫీసులో ఎందుకని అడిగితే, అక్కడ నీడ బాగుంటుందన్నాను. ఇంకేం చెబుతాను? మా మామ మొహం చూడలేనని చెబుతానా?

ఇవాళ బస్సు అకబా దాటిందో లేదో ఆఫీసు నుంచి ఫోను. సుబైహ్ వాళ్ళ ముసలాయన పోయాడట, గుడారం నిండా పరామర్శకొచ్చినవాళ్ళేనట, పాతచోటికే పొండి అన్నారు. వద్దు, ఈసారికి కాఫీ తీసేద్దాం అన్నాను. డబ్బు కట్టినవాళ్ళు కాగితం చూపించి అడుగుతారు, కుదరదన్నారు. పైగా అంతకుముందే మీ నాన్నకి ఫోను చేసి చెప్పేశారట, ఫర్రాజ్ పెద్దవాళ్ళని తీసుకుని మధ్యాహ్నం నమాజు తర్వాత వస్తున్నాడు అని. పెద్దవాళ్ళంటే వయసులో పెద్దవాళ్ళని వాళ్ళ ఉద్దేశం. మీ నాన్న ఏమని విన్నాడో నాకేం తెలుసు? అదీ శుక్రవారం పూట! పిల్లని అడగడానికైనా, అలిగిన పెళ్ళాన్ని తీసుకెళ్ళడానికైనా మన పెద్దమనుషులు బయల్దేరేది శుక్రవారమే కదా!

ఇక వాళ్ళ వేషాలు చూశావు కదా. అకబా బజారులో దిగీ దిగగానే ఏడుగురూ ఎర్రగళ్ళ తలగుడ్డలు కొనుక్కున్నారు. ఆడవాళ్ళూ, మగవాళ్ళూ, అందరూనూ. నేనే కట్టాను ఒక్కొక్కరికీ. ఆ పొడుగాయన, హెండ్రిక్, ఆయనైతే అంచుకి జరీ ఉన్న నల్లటి పైవస్త్రం కూడా కొన్నాడు. తెల్లగడ్డం, చేతికర్ర, ఆ వస్త్రం. బస్సు దిగి నడిచొస్తుంటే నాకే ఒక్క క్షణం లేచి నిలబడాలనిపించింది. పాపం ఆయన ఊళ్ళో పిల్లలకి ఈత నేర్పించి రిటైరయ్యాడు. అంతే ఆయన షేకుతనం.

రోజూ అయితే నేను ముందుంటాను. నీకు తెలుసుగా, చెయ్యి పైకెత్తి, రండి రండి అంటూ. ఇవాళ నాకు కాళ్ళు రాలేదు. వాళ్ళందర్నీ ముందు పంపించి, తలొంచుకుని వెనకాల నడిచాను. మరి తీసుకెళ్ళడానికొచ్చే మొగుడు నడిచేదీ అలాగే కదా! పెద్దల వెనక, నేలచూపులు చూస్తూ! నా సిగ్గు నన్ను ఇలా పట్టిస్తుందని కలగన్నానా?

మీ నాన్న గుడారం ముందుకొచ్చి నిలబడ్డాడు. ఒక్కొక్కరికీ సలాం చెప్పి కూర్చోబెట్టాడు. హెండ్రిక్‌ని తన పక్కన దిండు మీద కూర్చోబెట్టుకున్నాడు. నన్ను మాత్రం చూడలేదు. చూడనట్టు చూశాడు. ఆ చూపు నాకు తెలుసు. మన పెళ్ళిలో కూడా అలాగే చూశాడు.

తర్వాత మీ అన్న ముత్లఖ్ కాఫీ పోశాడు. మొదటి కప్పు హెండ్రిక్‌కే. ఆయన పుచ్చుకున్నాడు. వాసన చూసి, ఆహా అన్నట్టు తలాడించాడు. తీసుకెళ్ళి నేలమీద పెట్టేశాడు.

కప్పు కింద పెట్టాడంటే ఏదో అడగడానికొచ్చి, అది ఇచ్చేదాకా తాగననడమే కదా మనలో!

ఆయనకి గుండెజబ్బే ఫిద్దా. డాక్టరు కాఫీ ముట్టుకోవద్దన్నాడు. కైరోలో మొదటిరోజే నాకు చెప్పాడు. ఎక్కడికి పోయినా నేనే ముందుగా ఆ ఇంటివాళ్ళ చెవిన వేస్తాను, ఈయన తాగడు, తప్పు పట్టకండి, పుదీనా టీ ఇవ్వండి అని. ఇవాళ వెనకాల నక్కి నక్కి వచ్చినవాణ్ణి, ఎప్పుడు చెబుతాను? ఆయన పెట్టడం చూసి మిగతా ఆరుగురూ ఏం చేశారో చూశావా? పెద్దాయన తాగలేదు, ఇదేదో ఇక్కడి పద్ధతి కాబోలు అనుకుని, ఒకళ్ళని చూసి ఒకళ్ళు వరసగా అందరూ కప్పులు కింద పెట్టేశారు. ఏడు కప్పులు, ఏడుగురి ముందు. ఒక్కరు నోటిదగ్గరికి తీసుకెళ్ళలేదు!

మన ఇళ్ళల్లో అంతకంటే గట్టిగా ఎవడడుగుతాడు చెప్పు? మా చిన్నాన్న నిన్ను పంపమని అడగడానికి వచ్చినప్పుడు కూడా మరీ అంత బిగుసుకుని కూర్చోలేదు. ఆయన సగంలోనే ఆకలేసి ఖర్జూరాల మీద పడ్డాడు కదా. మీ నాన్న అప్పుడు ఒక్కటే అడిగాడు, వాడు ఇంట్లో ఉంటాడా అని. చిన్నాన్న నావైపు చూశాడు. నేను నేలవైపు చూశాను. ఇక మమ్మల్ని పిలవకు నాయనా, మా మొహాలు మాకు కావాలి అని మావాళ్ళు ఆ రోజే చేతులు దులుపుకున్నారు. నీకోసం రావడానికి నాకు మనుషులు లేరు ఫిద్దా. నిజం. ఒక్కడు లేడు.

ఏమిటి? గట్టిగా చెప్పు, వినపడలేదు. ...ఏమీ అనలేదా. సరే.

అప్పుడు హెండ్రిక్ లేచాడు. లేస్తాడని నాకు తెలుసు. ప్రతి ఇంట్లోనూ కర్ర ఊతం చేసుకుని లేచి ఇంటాయనకి కృతజ్ఞతలు చెప్పకపోతే ఆయనకి తోచదు. ఈత నేర్పిన గొంతు కదా, గుడారం మార్మోగిపోయింది. మేం చాలా దూరం నుంచి వచ్చాం అన్నాడు. మీ ఇంటి మర్యాద గురించి విన్నాం అన్నాడు. తర్వాత చెయ్యి నావైపు చూపించి, ఈ కుర్రాడు మంచివాడు, మమ్మల్ని కన్నకొడుకులా చూసుకుంటున్నాడు, వీణ్ణి చూస్తే వీడి ఇంటివాళ్ళు ఎంత అదృష్టవంతులో అనిపిస్తుంది అన్నాడు.

మీ నాన్న నావైపు తిరిగి, ఆయన ఏమంటున్నాడని అడిగాడు.

నేను ఏం చెప్పను? నా పనే అది. ఒకళ్ళన్నది ఇంకొకళ్ళకి చెప్పడం. నేను మంచివాణ్ణని అంటున్నాడు మామా అన్నాను. దూరం నుంచి మీ ఇంటి పేరు విని వచ్చారట అన్నాను. ఒక్క అబద్ధం లేదు అందులో. కావాలంటే ఎవరినైనా అడుగు!

మీ నాన్న గడ్డం నిమురుకున్నాడు. ఆయన కళ్ళు చెమ్మగిల్లాయి, నేను చూశాను. ఒట్టు. తన కూతురి కోసం ఎవరో సముద్రాలవతలి నుంచి వచ్చి నేలమీద కూర్చుని కాఫీ ముట్టుకోకుండా అడుగుతున్నారనుకున్నాడు. మా చిన్నాన్నని అయితే ఇంకో మాట అనేవాడే. పరాయిదేశపు ముసలాయన్ని, తనకంటే పెద్దవాణ్ణి, ఏమని వెనక్కి పంపుతాడు? చేతులు చాచి, "మీ కాఫీ తాగండి. మీరు దేనికోసం వచ్చారో అది మీకిచ్చేశాను" అన్నాడు.

అక్కడ. సరిగ్గా అక్కడ నేను నోరు తెరవాల్సింది.

మామా, ఆగండి, వీళ్ళు అందుకోసం రాలేదు, ఆయనకి గుండెజబ్బు అని ఒక్క ముక్క. అంతే కదా! నవ్వుకునేవాళ్ళం. ముత్లఖ్ అయితే ఏడాదిపాటు నన్ను ఏడిపించేవాడు. పోయేదేముంది?

నోరు పెగల్లేదు ఫిద్దా. ఇచ్చేశాను అన్న మాట చెవిన పడగానే నాకేమైందో నాకే తెలియదు. నువ్వు లేని ఆ ఇల్లు ఎలా ఉందో నీకెలా చెప్పను? పొయ్యిమీద పిల్లి పడుకుంటోంది. మన పిల్ల వస్మియా బొమ్మ ఒకటి చూరుకి వేలాడుతోంది, ఎవరు కట్టారో తెలియదు, దాన్ని విప్పబుద్ధి కాదు. నేను గుమ్మం దగ్గర చెప్పులు విడిచి, మళ్ళీ తొడుక్కుని, బస్సులో వెళ్ళి పడుకున్నాను ఒక రాత్రి. నవ్వకు. నవ్వడం లేదా? మరి ఆ చప్పుడేమిటి?

హెండ్రిక్ నన్నడిగాడు, ఏమంటున్నాడు ఇంటాయన అని. కాఫీ తాగమంటున్నాడు అన్నాను. అదీ నిజమే కదా! నాకు కుదరదని నీకు తెలుసుగా అన్నాడు, గుండెమీద చెయ్యేసుకుని. తెలుసు. నాకు తెలుసు. తెలిసే, ఆయన చెవిలో అన్నాను, నాకోసం తాగండి అని. ఒక్కటే చిన్న కప్పు, నాకోసం అని.

పిచ్చి మనిషి. ఎందుకని అడగలేదు. నా మొహం చూశాడు, కప్పెత్తి గటగటా తాగేశాడు. ఆయన్ని చూసి మిగతావాళ్ళూ. ఇక మీ అమ్మ మొదలుపెట్టింది. మీ నాన్న నన్ను కౌగిలించుకున్నాడు. వాళ్ళందరూ చప్పట్లు కొట్టారు, దేనికో తెలియకుండానే. ఆయన ఇప్పుడు బస్సు నీడలో కూర్చుని ఉన్నాడు. ఫరవాలేదంటాడు. ఇందాక రెండుసార్లు వెళ్ళి నాడి పట్టుకు చూసొచ్చాను. ఆయనకి ఏమైనా అయితే నా గతేమిటి? ఆ దేవుడే చూడాలి.

ఇదీ సంగతి. నిన్ను అడగడానికి ఎవరూ రాలేదు ఫిద్దా. ప్రోగ్రాం వచ్చింది. కాఫీ, ఫొటోలు, తర్వాత సరిహద్దు. నువ్వు ఇప్పుడు మీ నాన్న మాటకి కట్టుబడి వస్తే, ఈత మాస్టరు తాగిన కప్పుకి కట్టుబడి వచ్చినట్టు. ఆ మాట నీకు చెప్పకుండా నిన్ను తీసుకెళ్ళలేకపోయాను. మీ నాన్నకి చెప్పేపాటి దమ్ము ఎలాగూ లేదు.

పోనీ నువ్వే చెప్పు ఆయనకి. వద్దనుకుంటే వద్దను. నేను తల దించుకుని వెళ్ళిపోతాను.

ఏం, అలా కదిలావేం? వస్మియా లేచిందా? ...పడుకునే ఉందా. నన్ను గుర్తుపడుతుందా అది? ఆఖరిసారి నేను గుమ్మంలోకి రాగానే, అమ్మా అతిథి వచ్చాడు అని అరుచుకుంటూ లోపలికి పరుగెత్తింది. అతిథట! ఆ బుల్లి చేతుల్తో కాఫీ కప్పు పట్టుకొచ్చింది నాకు. నేను నవ్వాను. నువ్వు నవ్వలేదు. అతిథికైనా మూడురోజుల మర్యాద ఉంది, నువ్వు ఆ మూడోరోజు కూడా ఉండవు అన్నావు. అని పిల్లని చంకనేసుకుని నడిచొచ్చేశావు. నిన్ను తప్పనడం లేదు. ఏమని తప్పంటాను?

కానీ నన్నేం చెయ్యమంటావు? ఇవాళ దిగిపోతాననుకో. గుంపు కాగితం మీద ఉన్నది నా పేరు. నేను లేకపోతే సరిహద్దులో ఆ ఏడుగుర్నీ ఎండలో కూర్చోబెడతారు. ఇది అయ్యేసరికి కైరోలో ఇంకో గుంపు విమానం దిగుతుంది. ఈజిప్టు, మన దేశం, సౌదీ, మళ్ళీ ఈజిప్టు. గానుగెద్దుకైనా సాయంత్రం కట్టు విప్పుతారు. వచ్చేవారం మాట్లాడదాం అంటే నువ్వు నమ్మవు. నమ్మొద్దు కూడా. నేనే నమ్మడం లేదు.

కనీసం నిన్ను ఇంటిదాకా నేను దింపలేను. ఎంత సిగ్గుచేటో చూడు! ముత్లఖ్ దింపుతాడట. తాళం నీ దగ్గర ఉందిగా.

ఆఁ? ఏమన్నావు?

మళ్ళీ అను.

బస్సులో సీటు ఖాళీ ఉందా అనా? ...ఉంది. వెనకాల కిటికీ పక్కన ఉంది. ఎందుకు? నువ్వా? నువ్వు మాతోనా?

రెండు నెలలకి నోరు విప్పి అడిగే మాటేనా ఇది! సరిహద్దు దాటాలే తల్లీ, అది మీ పెద్దమ్మ ఇల్లనుకున్నావా? పాస్‌పోర్టు కావాలి. వీసా కావాలి. ఏడు ఊళ్ళవాళ్ళని మూడు దేశాలు తిప్పుతాను గాని నా పెళ్ళాన్ని ఆ కంచె దాటించలేను, అది నా చేతుల్లో లేదు. లేకపోతే తీసుకెళ్ళనా? ఎగిరి గంతేసి తీసుకెళ్తాను కదా!

...ఏమిటిది? తెరకింద నుంచి ఏమిటి తోస్తున్నావు?

పాస్‌పోర్టా! నీదేనా? ఫొటో నీదే. ఎప్పుడు చేయించావు? ...మీ అమ్మతో సౌదీకి ఉమ్రా యాత్రకి వెళ్ళడానికా. వీసా కూడా పడింది. ఈ నెలాఖరుదాకా ఉంది. మీ అమ్మకి మోకాళ్ళు పట్టేసి ఆగిపోయారా. నాకు ఎవరూ చెప్పలేదు. నేనెక్కడున్నాను చెప్పడానికి?

అంటే రావచ్చు నువ్వు. పిల్లని ముత్లఖ్ చూసుకుంటాడంటావా. అన్నీ ఆలోచించావే! రావచ్చు. ఎవరూ అడ్డుపెట్టరు. హెండ్రిక్ అయితే తన సీటే ఇచ్చేస్తాడు.

ఆగు. ఆగు ఫిద్దా. అప్పుడే లేవకు. కూర్చో.

కూర్చోమన్నానా!

నీమీద అరవడం లేదు. నువ్వు రాకు. ఎందుకని అడగకు. ...అడుగుతావు. అడక్క ఏం చేస్తావు.

పాస్‌పోర్టు కాదు. సీటు కాదు. ఆఫీసూ కాదు, వాళ్ళకి నేను ఫోనులో చెబితే సరిపోతుంది. నువ్వు నన్ను అక్కడ చూడకూడదు. నువ్వు వెనక సీట్లో కూర్చుంటే నేను మైకు పట్టుకోలేను. అక్కడ నేను పాడతాను, తెలుసా నీకు? ఒంటెవాళ్ళ పాటలు పాడతాను, వాళ్ళచేత పాడిస్తాను. పొద్దున్నే ఒక్కొక్కర్నీ పేరుపెట్టి పలకరించి, రాత్రి నిద్రపట్టిందా, నడుం నొప్పి తగ్గిందా అని అడుగుతాను. నిన్నెప్పుడైనా అడిగానా? వాళ్ళ మనవల పేర్లు నాకు నోటికొచ్చు. ఏ చిన్నమాటకైనా పగలబడి నవ్వుతారు, నేనూ నవ్వుతాను, కడుపు పట్టుకుని. జీతానికి చేస్తున్నానులే అనుకునేవాణ్ణి మొదట్లో. కాదు. ఆ నవ్వు నాదే. బస్సెక్కగానే వస్తుంది. మన ఊరి మలుపు తిరగ్గానే పోతుంది.

ఎందుకు పోతుందో నాకు తెలియదు. నువ్వేం చేశావని? ఏమీ చెయ్యలేదు. పిల్ల ఏం చేసింది? నేను మీ ముందు కూర్చుంటే నాకు మాట రాదు. అంతే. ఎంత తన్నుకున్నా రాదు. మూడోరోజు ఉండలేకపోయింది బస్సు కోసం కాదు ఫిద్దా. ఆఫీసువాళ్ళు నాలుగురోజులు ఇస్తామన్నారు. నేనే వద్దన్నాను.

చెప్పేశాను.

నన్ను అక్కడ చూస్తే, ఈ మనిషి ఇన్నాళ్ళూ ఎక్కడున్నాడు అని నువ్వు అడుగుతావు.

అదిగో, హారన్ కొడుతున్నారు. ఫొటోలు అయిపోయినట్టున్నాయి. ఇదిగో నీ పాస్‌పోర్టు, తీసుకో. ...తీసుకోవా? సరే, ఇక్కడే పెట్టి వెళ్తున్నాను. ఏడుస్తున్నావా, తిడుతున్నావా, తెరలోంచి నాకు తెలియడం లేదు. ఏదైనా ఒకటే నాకు.

మీ నాన్న ఇంటికి పొమ్మంటాడు. వెళితే వెళ్ళు, మానితే మాను. నేనుండను ఎలాగూ.